దిద్దిన పేపర్ చూపించండి

డిగ్రీ స్పాట్ వాల్యుయేషన్‌కు ఏళ్ల తరబడి వెళ్తున్నదాన్ని. మధ్యాహ్నం దాటాక కళ్లు లాగుతుంటాయి. అడిషనల్ షీటు వెనకవైపు రాసిన జవాబు ఒక్కటి కంటపడకపోతే చాలు, పాసయ్యే పిల్ల ఫెయిలవుతుంది. అందుకే విద్యార్థులు కోర్టు మెట్లెక్కారంటే నాకు కోపం రాదు.

దిద్దిన జవాబుపత్రం చూసుకునే హక్కు సమాచార హక్కు చట్టం కింద వాళ్లకుందని సుప్రీంకోర్టు 2011లోనే తేల్చింది. నిబంధనల్లో లేని రీవాల్యుయేషన్‌ను హక్కుగా అడగలేరని 1984లో చెప్పింది. అదీ సబబే, జడ్జీలు ఫిజిక్స్ పేపర్లు దిద్దలేరు కదా. కానీ పేపర్ చూపించడానికి యూనివర్సిటీలకు అడ్డేమిటి? ఫలితాలతోపాటే స్కాన్ కాపీని విద్యార్థి లాగిన్‌లో పెట్టాలి. దిద్దని జవాబు బయటపడితే పైసా ఫీజు లేకుండా మార్కులు వేయాలి, అదీ పీజీ అడ్మిషన్ల గడువు ముగిసేలోపే.