రొయ్య తలలోని గ్రంథికి తగిన తెలుగు పేరు

కాట్రేనికోన, ఉప్పలగుప్తం, అల్లవరం, సఖినేటిపల్లి మండలాల్లో వనామీ సాగు చేసే రైతు చెక్ ట్రే పైకి తీసినప్పుడు మొదట చూసేది మేత మిగిలిందా లేదా అన్నది. తరువాత ఒక రొయ్యను చేతిలోకి తీసుకొని వెలుతురుకు ఎదురుగా దాని తలను పరిశీలిస్తాడు. తలపెంకు కింద, జీర్ణాశయం వెనుక, గోధుమ రంగులో ఒక ముద్ద పైకే కనిపిస్తుంది. అది ముదురు రంగులో, స్పష్టమైన అంచులతో ఉంటే రొయ్య ఆరోగ్యంగా ఉన్నట్లు భావిస్తారు. పాలిపోయినా, కుంచించుకుపోయినా ఏదో తెగులు సోకినట్లే. శాస్త్ర గ్రంథాలు ఈ ముద్దను హెపాటోపాంక్రియాస్ అంటాయి. అంత పొడవైన మాట చెరువు గట్టున నిలవదు గనుక వాడుకలో అది ‘లివర్’ అయిపోయింది. ఈ కుదింపు పైకి నిరపాయంగానే కనిపిస్తుంది గాని, రైతు జేబుపైనా, రోగ నిర్ధారణపైనా దాని ప్రభావం తక్కువది కాదు.

పదం పుట్టుకను చూస్తే చిక్కు ఎక్కడ మొదలైందో తెలుస్తుంది. గ్రీకు భాషలో ‘హెపార్’ అంటే కాలేయం. ‘పాంక్రియాస్’ అన్న మాటలో ‘పాన్’ అంటే అంతా, ‘క్రియాస్’ అంటే మాంసం. ఎముక గాని మృదులాస్థి గాని లేని అవయవం గనుక ఆ పేరు వచ్చిందని సాధారణంగా చెప్పే వివరణ. యూరప్ జంతుశాస్త్రజ్ఞులు మంచినీటి క్రేఫిష్‌లను, పీతలను కోసి చూసినప్పుడు రంగును బట్టి ఈ గ్రంథిని కాలేయమన్నారు. దాని రసం మాంసకృత్తులను కూడా జీర్ణం చేస్తుందని తేలిన తరువాత అది క్లోమం వంటిదీ అయింది. రెండు పేర్లనూ కలిపి కుట్టేశారు. అయితే ఆనాడే సందేహం లేకపోలేదు. 1880లో మాక్స్ వెబర్ ప్రచురించిన పరిశోధన వ్యాసపు శీర్షికలోనే ‘కాలేయమని పిలవబడేది’ అన్న మాట ఉంది. 1884లో ఫ్రెంజెల్ నేపుల్స్ సముద్ర జీవశాస్త్ర కేంద్రం ప్రచురణలో దీనిని ‘మధ్యాహారనాళ గ్రంథి’ అనే వ్యవహరించాడు. 1974లో వాన్ వీల్ తన సమీక్షా వ్యాసానికి ‘హెపాటోపాంక్రియాస్?’ అని ప్రశ్నార్థకంతో పేరు పెట్టి, ఈ పదాన్ని వదిలివేయాలని వాదించాడు. వాదం సమంజసమైనదే, కాని అలవాటు దానికంటె బలమైనది. తరువాత వచ్చిన రోగాలకు సైతం పాత పేరుతోనే నామకరణం జరిగింది.

నిజానికి ఈ గ్రంథి చేసే పని ఏమిటి? ఇది ఒక చివర మూసుకుపోయిన సన్నని నాళికల కట్ట. రొయ్య జీర్ణాశయంలో నలిగిన మేత, అక్కడి రోమాల జల్లెడలో వడపోతకు గురై, ద్రవరూపంలోనూ అతి సూక్ష్మమైన రేణువులుగానూ ఈ నాళికల్లోకి ప్రవేశిస్తుంది. ఎంజైములు స్రవించేది ఇక్కడే, జీర్ణమైన ఆహారాన్ని పీల్చుకొనేదీ ప్రధానంగా ఇక్కడే. మనిషి కాలేయంలోకి గాని, క్లోమంలోకి గాని తిన్న అన్నం ఎన్నడూ ప్రవేశించదు. పీల్చుకొనే పని చిన్నపేగుది. రొయ్యలో ఆ పేగు పని చేసేది ఈ గ్రంథియే. రొయ్యకు పైత్యరసపు ఆమ్లాలు లేవు. కొవ్వును విడగొట్టే పదార్థాలు వేరే రకానివి. కొవ్వును, గ్లైకోజెన్‌ను, రాగి వంటి లోహాలను నిల్వ చేయడం, విషపదార్థాలను విరిచివేయడం మాత్రం కాలేయాన్ని పోలిన పనులే. అంటే పేరులో కొంత నిజం ఉంది. కాని ఆ సగం నిజం ముఖ్యమైన మిగతా సగాన్ని కప్పివేస్తున్నది.

తెలుగులోకి వచ్చేసరికి చిక్కు మరింత బిగిసింది. పదానికి పదం పెట్టి ‘కాలేయ క్లోమం’ అంటే సరిపోతుందని అనిపించవచ్చు. ఈ ‘క్లోమం’ చరిత్ర తెలిసినవారికి ఆ ధైర్యం రాదు. చరక, సుశ్రుత సంహితల్లో క్లోమం ఉదకవహ స్రోతస్సులకు మూలస్థానంగా చెప్పబడింది. అది ఏ అవయవమో వ్యాఖ్యాతల మధ్య నేటికీ ఏకాభిప్రాయం లేదు. కుడి ఊపిరితిత్తి అన్నవారున్నారు, పిత్తాశయం అన్నవారున్నారు. ఆధునిక తెలుగు పాఠ్యపుస్తకాలు దానిని పాంక్రియాస్‌కు స్థిరపరిచాయి. హిందీ జంతుశాస్త్రంలోనో అదే మాటకు మొప్ప అని అర్థం. మొప్పలున్న జీవి తలలోని గ్రంథికి ‘కాలేయ క్లోమం’ అని పేరు పెడితే, హిందీ మాధ్యమంలో చదివిన సాంకేతిక నిపుణుడు దానిని ఏమని అర్థం చేసుకోవాలి?

గోదావరి డెల్టా ప్రజలకు జలచరాల అవయవాల పేర్లు కొరత కాదు. మొప్పలు, పొలుసులు, జన వంటి మాటలు పులస కొన్న ప్రతి ఇంటికీ తెలుసు. రొయ్య గ్రంథికి మాత్రం అంతటి ప్రచారమున్న పేరు లేకపోవడానికి కారణం సులభంగానే ఊహించవచ్చు: వలిచేటప్పుడు తలతోపాటే అదీ పోతుంది. వంటలో పనికిరాని దానికి వంటింట్లో పేరు పుట్టదు. సాగు మొదలైన తరువాతే దానికి విలువ వచ్చింది. అప్పటికి పేరు దుకాణం నుండి వచ్చింది.

ఆ పేరుతోపాటు ‘లివర్ టానిక్’ కూడా వచ్చింది. మనిషికి కామెర్లు వస్తే కాలేయానికి మందు ఇస్తారన్న లోకజ్ఞానం ఇక్కడ తిన్నగా రొయ్యకు అన్వయించబడుతుంది. ముద్ద పాలిపోయింది, కాబట్టి లివర్ బలహీనపడింది, కాబట్టి మేతలో టానిక్ కలపాలి. ఈ తర్కంలో తెగులు ఏది అన్న ప్రశ్నకే చోటు లేదు. ఉదాహరణకు ఇ.హెచ్.పి. అనే సూక్ష్మజీవి. 2009లో థాయిలాండ్‌లో టైగర్ రొయ్యపై దీనిని వర్ణించి పేరు పెట్టారు; వనామీ సాగుకు భారతదేశంలో అనుమతి లభించిందీ అదే సంవత్సరం. ఇది గ్రంథి నాళికల కణాల్లో చేరి పెరుగుతుంది. రొయ్యను వెంటనే చంపదు, ఎదుగుదలను ఆపుతుంది. ఒకే చెరువులో చిన్నవీ పెద్దవీ కలగాపులగంగా కనిపిస్తాయి. మేత ఖర్చు పెరుగుతుంది, కౌంట్ రాదు. దీనిని నయం చేసే మందు లేదు. పి.సి.ఆర్. పరీక్షతో పిల్ల దశలోనే గుర్తించడం, సోకిన చెరువును ఎండబెట్టి శుద్ధి చేయడం మాత్రమే మార్గాలు. టానిక్‌తో గడిచిన ప్రతి వారం మేత రూపంలో నష్టమే. చెరువు కౌలుకు తీసుకొన్న చిన్న రైతుకు ఒక పంట పోవడమంటే రెండు మూడేళ్ల అప్పు.

శుద్ధి సంగతి వ్యవసాయ శాస్త్రానికి నేరుగా సంబంధించినది. బీజరేణువులు అడుగు మట్టిలో మిగిలిపోతాయి గనుక హెక్టారుకు సుమారు 6 టన్నుల కాల్చిన సున్నం వేసి, 10–12 సెంటీమీటర్ల లోతు వరకు దున్ని, తడిపి, ఉదజని సూచికను 12కు తీసుకురావాలని నిపుణులు సూచిస్తారు. సాధారణ వ్యవసాయ సున్నంతో ఆ స్థాయి రాదు. రెండింటినీ ఒకటిగా భావించి అమ్మేవారూ, కొనేవారూ ఉన్నారు. ఇంత సున్నం పడిన భూమిని మళ్లీ వరికి తిప్పాలనుకొనే రైతు జింక్ లోపాన్ని ఎదుర్కోవలసి రావచ్చు. కనుక తెగులును రూఢి చేసుకోకుండా, ‘లివర్ పోయింది’ అన్న ఒక్క మాటపై ఈ పని చేయడం తగదు.

‘మధ్యాహారనాళం’ అన్న పదం పేరులో ఉంటే మరొక సంగతి కూడా స్ఫురిస్తుంది. రొయ్య, కాండం తొలుచు పురుగు, రెండూ కీళ్ల కాళ్ల జీవులే. రెండింటిలోనూ ఆహారనాళపు ముందు, వెనుక భాగాలకు కైటిన్ పొర రక్షణగా ఉంటుంది. మధ్య భాగానికి ఆ పొర ఉండదు. బి.టి. ప్రోటీన్ పురుగును దెబ్బతీసేది ఆ మధ్య భాగంలోనే. 2009లో చైనాలో మొదలైన ఎ.హెచ్.పి.ఎన్.డి. అనే రొయ్యల మరణాలకు విబ్రియో బాక్టీరియా కారణమని 2013లో తేలింది. దాని విషాలకు ‘పిర్’ అని పేరు. కీటకాలను చంపే ఫోటోరాబ్డస్ బాక్టీరియా విషాలను పోలి ఉండడం వల్ల ఆ పేరు వచ్చింది. వాటి నిర్మాణం బి.టి. ప్రోటీన్‌ను కూడా పోలి ఉందని తరువాతి పరిశోధనలు చూపాయి. కీటకశాస్త్రం చదివిన వ్యవసాయ విద్యార్థికి ఇది కొత్త పాఠం కాదు. కాని ‘కాలేయ వ్యాధి’ అని వినగానే అతడు అది పశువైద్యుల విషయమనుకొని పక్కకు తప్పుకొంటాడు.

కోనసీమలో ఈ తప్పుకోవడం చెల్లదు. వరి చేల నుండి నీరు దిగే మురుగు కాలువలు, రొయ్యల చెరువులకు నీరు తోడే కాలువలు చాలాచోట్ల ఒకటే. శంకరగుప్తం, కూనవరం డ్రెయిన్ల దిగువన ఉప్పునీటి పోటు గురించి కొబ్బరి రైతు చేసే ఫిర్యాదు అందరికీ తెలిసినదే. ఎగువ నుండి దిగే పురుగుమందుల గురించి చర్చ అంతగా లేదు. సింథటిక్ పైరిత్రాయిడ్లు అతి స్వల్ప మోతాదులోనే రొయ్యకు ప్రాణాంతకం. వరిలో సుడిదోమ ఉధృతిని అవే పెంచుతాయని వరి శాస్త్రవేత్తలు ఏనాటి నుండో హెచ్చరిస్తున్నారు. అంటే ఆ మందు చల్లడం వల్ల వరికీ మేలు లేదు, దిగువ చెరువుకూ లేదు.

అంతర్జాతీయ పదాన్ని మార్చే అధికారం ఎవరికీ లేదు, మార్చవలసిన అవసరమూ లేదు. పరిశోధన వ్యాసాల్లో హెపాటోపాంక్రియాస్ అలాగే ఉండవచ్చు. తెలుగు పాఠ్యపుస్తకాల్లో ‘మధ్యాహారనాళ గ్రంథి’, రైతుల కరపత్రాల్లో ‘పేగు గ్రంథి’ అన్న మాటలు వాడవచ్చు. ‘జీర్ణగ్రంథి’ అన్న పేరును కొందరు ఇష్టపడతారు గాని, లాలాజల గ్రంథికి కూడా అది వర్తిస్తుంది. పీల్చుకొనే పనిని అది చెప్పదు. ‘పేగు గ్రంథి’ విన్న రైతుకు వెంటనే కలిగే సందేహం ‘అయితే ఏం తిన్నది? ఏ నీరు తాగింది?’ అన్నది. అడగవలసిన ప్రశ్న అదే. మొదట మారవలసినవి ప్రయోగశాలలు రైతు చేతికిచ్చే పరీక్షా ఫలితాల పత్రాలు. గ్రంథి పేరు తెలుగులో, దాని పక్కన ఏ తెగులుకు పరీక్ష జరిగిందో, ఏది తేలిందో, చెరువు నీరు ఏ కాలువ నుండి వచ్చిందో రాయడానికి ఒక్కొక్క గడి ఉంటే చాలు.