ఒక రాత్రి అతిథులు

సంక్రాంతి సెలవులు వచ్చాయంటే హైదరాబాదు నుండి మేడ్చల్, తూప్రాన్, రామాయంపేటల మీదుగా ఉత్తరానికి సాగే రహదారిపై అద్దె వాహనాలు బారులు తీరుతాయి. వాటిలో కొన్ని స్వగ్రామాలకు పోతున్న కుటుంబాలవి. మరికొన్ని కేవలం ‘పల్లెటూరు చూసి రావడానికి’ బయలుదేరినవి. శనివారం ఉదయం నగరం దాటి, ఆ రాత్రి ఏదో ఒక ఊరిలో గడిపి, ఆదివారం ఇషా వేళకు ఇల్లు చేరాలన్నది వీరి సంకల్పం. మొయినాబాదు, చేవెళ్ల వైపు ఇందుకోసమే వెలసిన ఫాంహౌసులు లేకపోలేదు. అక్కడ గడ్డి పచ్చగానే ఉంటుంది, ఎడ్లబండి కూడా ఉంటుంది. అయితే ఆ గడ్డిని మేసే బర్రె ఉండదు, ఆ బండిపై ఇంటికి చేరే పంట ఉండదు. ఈ సంగతి గ్రహించినవారు ఫాంహౌసుల కంటే బంధువుల ఇళ్లే మేలని భావిస్తున్నారు. మేమూ గత జనవరిలో పిల్లలూ పెద్దలూ కలిసి ఎనిమిది మందిమి బోధన్ సమీపంలోని ఒక పల్లెకు పోయి, ఒక రాత్రి ఉండి వచ్చాము. ఆ ఒక్క రాత్రి భారం ఎవరి మీద పడుతుందన్నదే ఈ నెల మా ప్రస్తావన.

ముందుగా ఆ నేల గురించి నాలుగు మాటలు. కామారెడ్డి దాటి, డిచ్‌పల్లి వద్ద పెద్ద రహదారిని వదలి నిజామాబాదు పట్టణంలో ప్రవేశించేవరకు పిల్లలకు విశేషమేమీ కనిపించలేదు. ఒకప్పుడు ఇందూరు అని పిలువబడిన ఈ పట్టణం నేటి హడావుడిలో ఏ ఇతర పట్టణానికీ భిన్నంగా తోచదు. ఎడపల్లి వైపు తిరిగిన తరువాత దృశ్యం మారుతుంది. రహదారికి ఇరువైపులా నీటితో నిండిన మళ్లు, నాట్లు వేస్తున్న కూలీల వరుసలు, అక్కడక్కడ చెరకు తోటలు. ఈ పచ్చదనం ఊరికే వచ్చినది కాదు. మంజీరా నదిపై 1923లో మొదలై 1931లో పూర్తయిన నిజాంసాగర్ ఆనకట్ట దీనికి ఆధారం. ఏడవ నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్ కాలంలో, నవాబ్ అలీ నవాజ్ జంగ్ బహదూర్ పర్యవేక్షణలో అది నిర్మాణమైంది. ఆయన జన్మదినమైన జూలై 11ను నేడు తెలంగాణలో ఇంజనీర్ల దినోత్సవంగా జరుపుకుంటున్నారు. సుమారు 2,75,000 ఎకరాలకు నీరు అందించాలన్నది నాటి ఉద్దేశం. కాలువ నీరు వచ్చాక చెరకు వచ్చింది. చెరకు వచ్చాక 1937లో బోధన్ శివారున నిజాం షుగర్ ఫ్యాక్టరీ వచ్చింది. దాని చుట్టూ వెలసిన ఊరికి షక్కర్‌నగర్ అని పేరు వచ్చింది. ఒక కాలంలో ఆసియా ఖండంలోనే పెద్దదిగా పేరొందిన ఆ కర్మాగారం 2002లో ప్రైవేటు భాగస్వామ్యంలోకి పోయి, 2015 డిసెంబరులో మూతపడింది.

ఈ చరిత్రకూ మా ప్రయాణానికీ సంబంధం ఉన్నది. కర్మాగారం నడిచిన రోజులలో నగరం నుండి ఉద్యోగం కోసం ఇక్కడికి వచ్చేవారు. ఇప్పుడు ఇక్కడివారే హైదరాబాదుకో, దుబాయికో, సౌదీకో పోతున్నారు. సెలవులలో ‘పల్లె చూడడానికి’ వచ్చే పిల్లలలో చాలామంది ఒక తరం కిందట ఇక్కడే పుట్టి పెరగవలసినవారు. మేము బస చేసిన ఇంటి పెద్ద, మా ఖాలూ, ఆ కర్మాగారంలోనే పనిచేశారు. చెరకు గానుగలు ఆడే నెలల్లో రాత్రింబవళ్లు షిఫ్టులు నడిచేవని, సైరన్ మోతను బట్టి ఊళ్లో పొయ్యి వెలిగించేవారని ఆయన పిల్లలకు చెప్పారు. మా చిన్నవాడు ఆ సైరన్ వినాలని పట్టుబట్టాడు. మరునాడు వాణ్ణి షక్కర్‌నగర్ తీసుకుపోయి మూతపడిన గోడలు చూపించాము. “తాళం ఎవరి దగ్గర ఉంది?” అని అడిగాడు. ఖాలూ జవాబు చెప్పకుండా వాడికి చెరకు గడ కొనిపెట్టారు.

చూడవలసినవి ఆ ప్రాంతంలో ఇంకా ఉన్నాయి. నిజామాబాదు, బోధన్ దారిలోనే అలీసాగర్ జలాశయం, దాని ఉద్యానం ఉన్నాయి. ఉత్తరాన కందకుర్తి వద్ద మంజీరా గోదావరిలో కలుస్తుంది. రుద్రూరులో చెరకు, వరి పరిశోధన కేంద్రం ఉంది. అయితే ఒక రాత్రి ప్రయాణంలో అన్నిటినీ చుట్టబెట్టాలనుకునేవారు చివరకు వాహనం కిటికీని తప్ప మరేమీ చూడరు. మేము అలీసాగర్‌తో సరిపెట్టుకున్నాము.

పగలు పోయి సాయంత్రానికి తిరిగి వస్తే సరిపోదా అని కొందరు అడుగుతారు. సరిపోదు. పల్లె తన ముఖం చూపేది మగ్రిబ్ తరువాతనే. పశువులు ఇంటికి చేరాక, కాలువ గట్టున కప్పల రొద మొదలయ్యాక, నగరంలో పుట్టిన పిల్లలు మొదటిసారిగా నిజమైన చీకటిని చూస్తారు. మా పిల్లలలో ఒకరు భయపడ్డారు, ఇద్దరు నక్షత్రాలు లెక్కించారు. తెల్లవారుజామున వాహనాల మోత లేని గాలిలో వినిపించిన ఫజ్ర్ అజాన్ మా ఇంటి పక్క మస్జిదు అజాన్ కంటే భిన్నంగా ఉందని మా పెద్దమ్మాయి అన్నది. పదాలు అవే, చుట్టూ ఉన్న నిశ్శబ్దం వేరు. హైదరాబాదు నుండి బోధన్ సుమారు రెండు వందల కిలోమీటర్లు గనుక మేము ప్రయాణికులమే. విడిగా చేసుకున్న జుహర్, అస్ర్, ఇషా ఫర్జులు రెండేసి రకాతులే. ఖాలా మనవడు నాలుగు చేస్తుండగా మావాడు రెండింటికే సలాం తిప్పి లేచేసరికి ఇద్దరి మధ్యా పెద్ద వాదమే జరిగింది. ప్రయాణికుడికి అలసట ఉంటుంది గనుక అల్లాహ్ ఆ సడలింపు ఇచ్చాడని చెప్పి వారిని శాంతింపజేశాము.

మరి ఆ ప్రయాణికుడికి ఆతిథ్యమిచ్చేవారి అలసట సంగతి?

నిజామాబాదు, బోధన్ ప్రాంతాల స్త్రీలలో వేలాదిమంది బీడీలు చుట్టి బతుకుతారు. మా ఖాలా కోడలు, మేము భాభీ అని పిలిచే ఆమె, వారిలో ఒకరు. భర్త గల్ఫ్‌లో ఉన్నాడు. అతడు పంపే డబ్బు అతడిని పంపడానికి చేసిన అప్పులకే చాలావరకు పోతుంది. ఇంటి వెచ్చాలు నడిచేది బీడీల మీదనే. ఈ పని తీరు తెలియనివారి కోసం చెప్పవలసి ఉన్నది. టేకేదారు తునికాకు, పొగాకు తూచి ఇస్తాడు. ఆకును ముందురోజు రాత్రి నానబెట్టి తడి గుడ్డలో చుట్టి పెట్టాలి. ఉదయం రేకు ముక్కను కొలతగా ఉంచి కత్తెరతో కత్తిరించాలి. ఆపై ఒడిలో చేట పెట్టుకొని చుట్టడం మొదలవుతుంది. చేయి తిరిగినవారు రోజంతా కూర్చుంటే వెయ్యి వరకు చుడతారు. కూలి వెయ్యికి ఇంత అని. అతిథులు వచ్చారని సెలవు ఉండదు, సెలవు పెడితే ఆ రోజు కూలీ ఉండదు. నానబెట్టిన ఆకు మాత్రం అతిథుల కోసం ఆగదు.

మేము ఇంట అడుగుపెట్టినప్పుడు ఆ చేట మంచం కిందికి పోయింది, దానిపై ఒక గుడ్డ కప్పబడింది. ఆ తరువాత జొన్న రొట్టెలు, గోంగూర మాంసం, ఖట్టీ దాల్, మా పిల్లలు కారం తినరని విడిగా చేసిన కోడి కూర ఒకదాని వెంట ఒకటి వచ్చాయి. రాత్రి అందరూ పడుకున్నాక నీళ్ల కోసం లేచిన మా అమ్మాయి వసారాలో దీపం వెలుగు చూసింది. భాభీ గోడకు ఆనుకొని కూర్చొని బీడీలు చుడుతున్నది. సమయం పదకొండు దాటింది. “ఆకు పాడైపోతుంది బేటీ, నీవు పడుకో” అన్నదట.

అతిథి మర్యాద గురించి మన సమాజంలో వినిపించే ప్రసంగాలన్నీ ఆతిథేయుడిని ఉద్దేశించినవే. అల్లాహ్‌ను, అంతిమ దినాన్ని విశ్వసించేవాడు అతిథిని ఆదరించాలన్న దైవప్రవక్త (సల్లల్లాహు అలైహి వసల్లం) బోధ అందరికీ కంఠస్థమే. కాని బుఖారీ, ముస్లిం గ్రంథాలు రెండింటిలోనూ ఉన్న మరొక హదీసు అంతగా వినిపించదు. దాని భావం ఇది: అతిథికి ప్రత్యేక ఆదరణ ఒక పగలు, ఒక రాత్రి, ఆతిథ్యం మూడు రోజులు, ఆపై పెట్టేది దానం, ఆతిథేయుడు ఇబ్బందిపడేవరకు అతడి ఇంట తిష్ఠ వేయడం అతిథికి ధర్మం కాదు. ఒక పగలు, ఒక రాత్రి అన్న పరిమితి లోపలే ఉన్నాము కదా అని మనం నిశ్చింతగా ఉండవచ్చునా? పెట్టడానికి ఏమీ మిగలని స్థితికి ఆతిథేయుణ్ణి తీసుకురావడమే ఆ ఇబ్బంది అని ముస్లిం గ్రంథంలోని ఉల్లేఖనం ద్వారా తెలుస్తున్నది. రోజు కూలిపై బతికే ఇంటికి ఎనిమిది మంది అతిథులు వస్తే ఆ స్థితి రావడానికి మూడు రోజులు అక్కరలేదు.

మరునాడు ఉదయం మా ఇంటి స్త్రీలు వంటిల్లు తమ చేతుల్లోకి తీసుకున్నారు. ఖాలా సులభంగా ఒప్పుకోలేదు. “అతిథులతో పొయ్యి దగ్గర పని చేయించుకుంటే ఊరు నవ్వదా?” అన్నారు.

“అతిథులం నిన్ననే అయిపోయాం ఖాలా. ఈరోజు ఇంటివాళ్లమే” అన్నాము.

భాభీ తన చేట తీసుకొని ఎండ పొడలో కూర్చున్నది. మధ్యాహ్నానికి ఆకు అయిపోయింది. మావాళ్లు చేసిన రొట్టెలు గుండ్రంగా లేవని అందరూ నవ్వుకున్నారు, కాని తిన్నారు.

ఇక్కడ జపాన్ దేశపు ఉదాహరణ ఒకటి చెప్పవలసి ఉన్నది. అక్కడి పల్లెలు మన పల్లెల కంటే ఎంతో ముందే ఖాళీ అయ్యాయి. 2023 నాటి గృహ సర్వేలో ఆ దేశంలో సుమారు 90 లక్షల ఇళ్లు ఎవరూ ఉండకుండా పడి ఉన్నట్లు తేలింది. దక్షిణాన క్యూషూ దీవిలో, ఒయితా రాష్ట్రంలో అజిము అని ద్రాక్ష పండించే ఊరు ఉన్నది. అక్కడి రైతు కుటుంబాలు 1996లో ఒక సంఘంగా ఏర్పడి, పట్టణవాసులను తమ ఇళ్లలోనే ఒక రాత్రి ఉంచుకోవడం ప్రారంభించాయి. వచ్చినవారు రైతుతో పొలానికి పోతారు, ఇంటి ఇల్లాలితో కలిసి కూరలు తరుగుతారు, వెళ్లేటప్పుడు ముందే తెలిసిన రుసుము చెల్లిస్తారు. ఒకసారి బస చేసినవారు దూరపు బంధువులని, పదిసార్లు బస చేసినవారు అసలైన బంధువులని అక్కడ ఒక వాడుక. పరాయివారు డబ్బు ఇచ్చి క్రమంగా బంధువులవుతున్నారన్న మాట. మన వద్ద బంధువులం డబ్బు ప్రస్తావన లేకుండా పోయి, ఒక్క రాత్రిలో పరాయివారి వలె సేవలు చేయించుకొని వస్తున్నాము. ఏది మర్యాదో పాఠకులే ఆలోచించాలి.

బంధువుల ఇంట్లో భోజనానికి వెల కట్టడం మన పద్ధతి కాదు. కట్టజూపితే వారి మనసు నొచ్చుకుంటుంది. అయినా మార్గాలు లేకపోలేదు. కనీసం వారం ముందుగా కబురు పెడితే, ఆ రెండు రోజులకు ఆకు తెచ్చుకోవాలో వద్దో ఇంటి స్త్రీ నిర్ణయించుకోగలదు. బియ్యం, నూనె, మాంసం నిజామాబాదులోనే కొనుక్కొని పోవచ్చు. ‘ఎందుకు తెచ్చారు’ అన్న మాట వస్తుంది, అది ఒక్క నిమిషం ఉంటుంది. పిల్లల చేతిలో పెట్టే డబ్బుకు ఎవరూ అభ్యంతరం చెప్పరు. ఇంకొక మాట కచ్చితంగా చెప్పదలిచాము: ఇవ్వదలచినది ఇంటి యజమాని జేబులో కాక, రొట్టెలు కాల్చిన చేతిలో పెట్టండి. ఏడాదికి ఒకసారి పోయే ఇంటి కోడలి పేరు కూడా తెలియని చుట్టాలను మేము చూశాము.

మరొకరు కూడా ఉన్నారు. అద్దె వాహనం డ్రైవరు. అతడికి రాత్రి బత్తా ఇస్తున్నాము గదా అని అతడు ఎక్కడ పడుకుంటాడో ఎవరూ అడగరు. జనవరి చలిలో, కాలువ పక్కన, వాహనం సీటులో ముడుచుకొని పడుకున్నవాడు మరునాడు రెండు వందల కిలోమీటర్లు మన పిల్లలను తీసుకొని నడపాలి. మేము అతడికి వసారాలో మంచం, రజాయి ఏర్పాటు చేశాము. అతడు హిందువు. అతడు ఏమి తింటాడో అడిగి మరీ వండినది భాభీయే.

తిరుగు ప్రయాణంలో వాహనం వెనుక ఒక గోనె సంచి కనిపించింది. ఎవరు ఎప్పుడు పెట్టారో మాకు తెలియదు. కామారెడ్డి దాటాక విప్పి చూస్తే వానకాలం పంట బియ్యం, పదిహేను కిలోల దాకా ఉంటాయి. ఖాలాకు ఫోను చేస్తే, కొత్త బియ్యం గనుక వెంటనే వండితే మెత్తబడి ముద్ద అవుతాయని, రెండు మూడు నెలలు ఆగమని చెప్పారు. ఇంకా మూత తీయలేదు.