గాలికో గుమ్మం

మా అమ్మ కమ్మింగ్ వచ్చిన మొదటి వేసవిలోనే అడిగేసింది, "ఏరా, ఈ ఇంట్లోకి గాలి ఎటునుంచి వస్తుంది?" అని. ఏసీ జాలీ చూపించాను. "అది చలి. నేనడిగింది గాలి" అంది. ఆ సాయంత్రం నుంచి గరాజ్ తలుపు ఎత్తించుకుని, మడతకుర్చీ వేసుకుని అక్కడే మకాం. మీ ఇళ్ళలోనూ చూసే ఉంటారు.

ఇరాన్‌లోని యజ్ద్ వాళ్ళు గాలి కోసం ఏకంగా బురుజులే కట్టుకున్నారు. వాటిని 'బాద్‌గీర్' అంటారు, అంటే గాలిని పట్టేది. పైన వీచే గాలిని పట్టి కింద గదిలోకి దింపుతుంది. గాలి లేని రోజున లోపలి వేడిని పైకి లాగేస్తుంది. అక్కడి దౌలతాబాద్ తోటలోది సుమారు 33 మీటర్ల ఎత్తు. ఆ పాత పట్టణాన్ని 2017లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. ఒకప్పుడు హైదరాబాదులోనూ ఇంటి కప్పుల మీద ఇలాంటివే ఉండేవి. మనది కాదు లెండి, సింధు హైదరాబాదు!

మనకు బురుజుల్లేవు, మండువా ఉంది. కోనసీమలో మా తాతగారిల్లు అదే. నాలుగువైపులా పెంకుల కప్పు లోపలికి వాలి, నడిమధ్య ఆకాశం. వేడిగాలి అందులోంచి పైకి పోతుంటే, వసారాల నీడలోని చల్లగాలి గదుల్లోంచి ఇటు వచ్చేది. వీధి గుమ్మంలో నుంచుంటే పెరట్లో నుయ్యి కనిపించేది. వడియాలు, పెళ్ళిళ్ళు, తగువులు అన్నీ మండువా చుట్టూనే. గుట్టుగా ఏదీ దాగదు. నా టెన్త్ మార్కులు ఊరంతా పాకింది అక్కణ్ణుంచే. కానీ మా పాలేరు వీధి అరుగు దాటి లోపలికి రావడం నేనెప్పుడూ చూడలేదు. ఆ సంగతి ఎత్తితే అమ్మ ఇప్పటికీ మాట మారుస్తుంది.

మన జార్జియాతో సహా ఈ దక్షిణాది పల్లెల్లో 19వ శతాబ్దంలో 'డాగ్‌ట్రాట్' ఇళ్ళుండేవి. ఒకే కప్పు కింద రెండు గదులు, మధ్యన అటూ ఇటూ తెరిచిన నడవ. చాలా ఇళ్ళలో ఆ నడవను తరవాత మూసేశారు.

మొన్న తమ్ముడు ఫోన్ చేశాడు. "అన్నయ్యా, పెంకులు సర్దేవాళ్ళు దొరకడం లేదు. పడగొట్టి డాబా వేసేద్దాం, నీ సంతకం కావాలి" అన్నాడు. నేను నసిగాను. "వానాకాలం రాత్రుళ్ళు లేచి బకెట్లు పెట్టేది నేనూ, నీ మరదలూ కదా" అన్నాడు. నిజమే మరి.

ఫోన్ స్పీకర్‌లో ఉంది. అమ్మ అంతా విన్నది. ఏమీ అనలేదు. కుర్చీ కాస్త రోడ్డువైపు జరుపుకుంది.