వంటింటి బల్ల మీద పుట్టిన ఆట.. మనకేం చెప్తున్నది?

మా ఊర్ల 'పోరడు ఫోన్ల గేమ్ ఆడుతున్నడు' అంటే పెద్దోళ్ల గుండె గుభేలుమంటది. వాళ్ల తప్పేం లేదు. మా చిన్నాయన కొడుకు ఆన్‌లైన్ రమ్మీల వడ్లు అమ్మిన పైసలు మొత్తం పోగొట్టుకున్నడు. రెండు నెలలు ఇంట్ల ఎవ్వలతోని సక్కగ మాట్లాడలే. అందుకే 2025 ఆగస్టుల పార్లమెంటు ఆన్‌లైన్ గేమింగ్ చట్టం చేసినప్పుడు అందరికన్న ఎక్కువ సంబురపడ్డది మా చిన్నమ్మనే. "గేములన్ని బందయినయట గదా బిడ్డా" అన్నది.

"అన్ని కాదు చిన్నమ్మా" అన్న. ఆ చట్టానికి రెండు దిక్కులున్నయి. పైసలు పెట్టి ఆడే ఆటలను బంద్ పెట్టింది. నడిపేటోళ్లకు మూడేండ్ల దాక జైలు, కోటి రూపాయల దాక జరిమానా అన్నది. ఇంకో దిక్కు ఈ-స్పోర్ట్స్‌ను, చదువుకు, వినోదానికి పనికొచ్చే ఆటలను ప్రోత్సహిస్తమని సుత అన్నది. మొదటి దిక్కు మీద టీవీలల్ల మస్తు ముచ్చట నడిచింది. రెండోదాని మీద నా ప్రశ్న ఒక్కటే. ఆటలను ప్రోత్సహిస్తరు సరే, ఆ ఆటల కథలు రాసేదెవలు?

ఈ ప్రశ్న వచ్చినప్పుడల్లా నాకు రాబర్టా విలియమ్స్ యాదికొస్తది.

అమెరికాల, కాలిఫోర్నియాల ఉండే ఇద్దరు పిల్లల తల్లి ఆమె. భర్త కెన్ ప్రోగ్రామర్. ఒకరోజు ఇంట్ల టెర్మినల్ మీద 'కొలోసల్ కేవ్ అడ్వెంచర్' అనే ఆట ఆడింది. బొమ్మలు లేవు, ఉత్త అక్షరాలే. దాన్ని మొదలు రాసిన విల్ క్రౌథర్ గుహలల్ల తిరిగే మనిషి. కెంటకీల తాను తిరిగిన మామత్ కేవ్‌నే ఆటల వెట్టిండు. ఆ ఆట రాబర్టాను పట్టుకున్నది. ఆడి ఆడి అయిపోయినంక, ఇసొంటివి ఇంకా ఎందుకు లేవని అనుకున్నది. వంటింటి బల్ల మీద కూసోని తనే ఒకటి రాసుడు మొదలువెట్టింది. ఒక పాత బంగ్లా, అండ్ల ఒకరెనుక ఒకరు చచ్చిపోతుంటరు, చంపిందెవలో కనిపెట్టాలె.

కథకు బొమ్మలుంటే బాగుంటదని పట్టువట్టింది రాబర్టానే. అప్పటి యాపిల్-2 కంప్యూటర్ల జాగ శానా తక్కువ. కెన్ ఎట్లనో తిప్పలువడి ఆమె గీసిన డెబ్బై దాక గీతల బొమ్మలను అండ్ల ఇమిడిచ్చిండు. 1980ల 'మిస్టరీ హౌస్' వచ్చింది. అక్షరాల కథకు బొమ్మలు తోడైన మొదటి సాహస ఆట అదే. డబ్బా లేదు, ప్రకటనల హంగు లేదు. ఫ్లాపీని జిప్పున్న ప్లాస్టిక్ సంచిల వెట్టి 24.95 డాలర్లకు అమ్మిండ్రు. ఆ పైసల మీదనే కంపెనీ లేసింది, తర్వాత దానికి సియెర్రా ఆన్-లైన్ అని పేరువడ్డది.

మనం సూడాల్సిన సంగతి ఇంకోటున్నది. పైసలొచ్చినంక వాళ్లు పెద్ద పట్నానికి పోలేదు. యోసెమిటీ అడవుల దగ్గర ఓక్‌హర్స్ట్ అనే చిన్న ఊరికి పోయిండ్రు. కొండల నడుమ కూసోని ఆటలు చేసిండ్రు. 1984ల వచ్చిన 'కింగ్స్ క్వెస్ట్' అక్కడ చేసిందే. మొదలు పైసలు వెట్టింది ఐబీఎం. ఆటల మనిషి చెట్టు ఎనుకకు పోతే కనవడడు, ముందుకొస్తే కనవడ్తడు. ఇయ్యాల మనకిది చిన్న ముచ్చట, అప్పుడు మాత్రం నోరు తెరిచి సూసిండ్రు. 1988ల నాలుగో భాగంల రోసెల్లా అనే ఆడపిల్లను నాయకురాలిని చేసింది. 1995ల నిజం నటులతోని 'ఫాంటస్మగోరియా' తీసింది. ఏడు సీడీల ఆట, స్క్రిప్టు అయిదు వందల పేజీలకు పైనే.

ఆమె ఆటలల్ల లోపాలు లేవా? ఉన్నయి. ఒక వస్తువు ముందుగాల తీసుకోకుంటే గంటల తర్వాత ఆట ఆగిపోతది, ఎందుకు ఆగిందో సమజ్ గాదు. ఇయ్యాల ఆడితే మనకు చిరాకే. కానీ ఆట అంటే గురి చూసి కాల్చుడే కాదు, ఒక లోకంల తిరుగుడు అని లక్షల మందికి చూపెట్టింది.

ఇగ అసలు దెబ్బ. 1996ల సియెర్రాను సీయూసీ ఇంటర్నేషనల్ అనే కంపెనీ కొన్నది. బేరం సుమారు వంద కోట్ల డాలర్లు, అదీ షేర్ల రూపంల. 1998ల సీయూసీ ఏండ్ల సంది దొంగ లెక్కలు రాసిందని బయటవడ్డది. షేరు కూలిపోయింది. దాని పెద్దమనిషి వాల్టర్ ఫోర్బ్స్ తర్వాత జైలుపాలైండు. సియెర్రా ఇంకొకరి చేతికి పోయింది. 1999 ఫిబ్రవరి 22న ఓక్‌హర్స్ట్ ఆఫీసు మూసేసి పనోళ్లను ఇంటికి పంపిండ్రు. ఆ చిన్న ఊర్ల ఇంకో గేమ్ కంపెనీ ఎక్కడిది? ఇండ్లు కొనుక్కున్నోళ్లు, పిల్లలను బడిల ఏసినోళ్లు మూట ముల్లె సదురుకున్నరు. రాబర్టా అంతకుముందే కొత్త యజమానుల తీరుతోని విసిగిపోయి ఆటలకు దూరమైంది.

దీంట్ల నాకు రెండు సంగతులు కనవడ్తున్నయి. ఒకటి, కథ చెప్పొచ్చినోళ్లకు కోడింగ్ రాకపోయినా, పట్నం లేకపోయినా జాగ ఉన్నది. జత కట్టే మనిషి కావాలె, అంతే. రెండోది, కథ నీదైనా హక్కు కాయితం ఎవలి పేరు మీదున్నదో సూసుకోకుంటే ఊరు ఊరే ఖాళీ అయితది.

మన హైదరాబాద్ల ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ అసొంటి పెద్ద కంపెనీకి ఆఫీసున్నది. అండ్ల నౌకరీ దొరికితే మంచిదే, చెయ్యున్రి. కానీ ఒకలు చెప్పిన పని చేసుడు వేరు, మన కథను మన పేరు మీద చేసుడు వేరు. సర్కారు నిజంగ ప్రోత్సహించాలనుకుంటే జిల్లా డిగ్రీ కాలేజీలల్ల ఒక్క కంప్యూటర్ గది, ఒగ్గు కథ తెలిసిన మనిషి, కోడింగ్ తెలిసిన మనిషి, హక్కుల కాయితం సదివి చెప్పే వకీలు, ఈ నాలుగు ఒక్క దగ్గర పెట్టమనున్రి. దానికి కోట్లు అక్కర్లేదు.

రాబర్టా ఏమైందంటరా? డెబ్బై ఏండ్లకు దగ్గరవడ్డంక భర్తతోని కలిసి మళ్లొచ్చింది. 2023 జనవరిల ఆట విడుదల చేసింది. ఏ ఆటనో తెలుసా? తనను మొదలు పట్టుకున్న ఆ 'కొలోసల్ కేవ్'నే, ఈసారి 3డీ బొమ్మలతోని.

మొన్న మా తమ్మునికి ఈ కథంత చెప్పిన. ఫోన్ పక్కకు పెట్టి ఇన్నడు. ఆఖరికి, "అన్నా, మన ఊరి గుట్ట మీది పాత గడీతోని ఒకటి చెయ్యొచ్చా?" అన్నడు. రమ్మీ తర్వాత వాడు ఆట గురించి నోరు తెరిచింది అదే మొదటిసారి. వాడిని ఒక నోట్‌బుక్ తెచ్చుకొమ్మన్న.