ఇది ఎవరి పెళ్ళి?

నిరుడు జూలై చివరి వారంలో రెండు వేషాల సంగతి ఒకేసారి నా వద్దకు వచ్చింది. ఒకటి అమెరికా నుండి, రెండవది మా వీధి చివరనున్న పాఠశాల నుండి. ఇద్దరూ నన్ను అడిగినది ఒకే మాట: "ఇది సరిగా ఉన్నదో లేదో చూసి చెప్పండి." అనువాదం చేసి బ్రతికే మనిషికి ఇది అలవాటైన ప్రశ్నే. అయినా, ఆ వారం నేర్చుకున్న పాఠం నా ఇరవై యేళ్ళ వృత్తిలో మరెవరూ నాకు నేర్పలేదు.

మొదటి వేషం మా అక్క కూతురిది. టెక్సాస్ రాష్ట్రంలో హైస్కూలు చదువుతున్న ఆ పిల్ల, అక్టోబరు 31న వచ్చే హాలోవీన్ పండుగకు పాతకాలపు చీర్‌లీడర్ వేషం కట్టదలచి, వేసవి సెలవులలోనే పని మొదలుపెట్టింది. చీర్‌లీడర్లంటే ఆటస్థలం అంచున నిలిచి కేకలతో, గెంతులతో తమ జట్టును ఉత్సాహపరచేవారు. 2008లో ఐ.పి.ఎల్. క్రికెట్టు మొదలైన నాటి నుండి మన కంటికీ పరిచితులే. కాని ఆ సంప్రదాయం చాలా పాతది. 1898 నవంబరులో మిన్నెసోటా విశ్వవిద్యాలయపు ఫుట్‌బాల్ పోటీలో జానీ కాంప్‌బెల్ అనే విద్యార్థి ప్రేక్షకుల ముందుకు వచ్చి నినాదం అందుకున్నాడు. చాలాకాలం అది మగపిల్లల పనిగానే సాగింది. 1920ల నుండి ఆడపిల్లలు చేరసాగారు. రెండవ ప్రపంచయుద్ధంలో యువకులు సైన్యానికి తరలిపోగా ఆ స్థానం వారిదైపోయింది. చేతిలో ఆడించే రంగురంగుల కుచ్చుబంతికి లారెన్స్ హెర్కిమర్ అనే ఆయన 1971లో పేటెంటు కూడా పొందాడు.

ఈ చరిత్ర అంతా నాకు చెప్పినది ఆ పిల్లే. ఆమె ఎంచుకున్నది 'స్ట్రేంజర్ థింగ్స్' అనే టెలివిజన్ ధారావాహికలోని క్రిస్సీ పాత్ర. 2022లో వెలువడిన భాగంలో, 1986 మార్చిలో జరిగినట్లు చూపే కథలో, హాకిన్స్ అనే ఊరి పాఠశాల చీర్‌లీడర్ ఆమె. ఆ ఊరూ లేదు, ఆ పాఠశాలా లేదు, ఆ పిల్లా లేదు. అయినా దుకాణంలో సిద్ధంగా దొరికే వేషం మా పిల్లకు నచ్చలేదు. ఆకుపచ్చ రంగు ఛాయ కలవలేదట. లంగాకు మడతలు కుట్టకుండా గీతలు అచ్చువేసి సరిపెట్టారట. తెరపై బొమ్మను ఆపి ఆపి మడతలు లెక్కపెట్టి, బట్ట కొని తెచ్చి, వాళ్ళ అమ్మ కుట్టుమిషను మీద రెండుసార్లు కుట్టి విప్పింది. చివరకు ఒకనాటి రాత్రి నాకు ఫోను చేసింది.

"పిన్నీ, జడకు పెట్టుకునే స్క్రంచీకి పేటెంటు వచ్చింది 1987లో. కథ జరిగింది 1986 మార్చిలో. నేను పెట్టుకోవచ్చా, కూడదా?"

నేను నవ్వి, "ఎవరు చూడవచ్చారే?" అన్నాను.

"నేను చూస్తాను కదా, పిన్నీ" అన్నది.

ఆ జవాబు విన్న మూడవ రోజున పాఠశాల ఉపాధ్యాయురాలు మా ఇంటికి వచ్చారు. మాది భద్రాచలం. ఆగస్టు 9న ప్రపంచ ఆదివాసీ దినోత్సవం. 1994లో ఐక్యరాజ్యసమితి నిర్ణయించిన ఆ దినాన్ని మా ప్రాంతంలో ఘనంగా జరుపుకుంటారు. పిల్లలచేత బస్తరు కొమ్ముల నృత్యం చేయించాలని ఆమె సంకల్పం. అద్దెకు తెచ్చిన దుస్తులు సంచిలో నుండి తీసి బల్లమీద పరిచారు: చిరుతపులి మచ్చల గుడ్డ, ప్లాస్టిక్ గడ్డి పావడాలు, ఎముకల ఆకారంలో పూసల దండలు, ముఖానికి పూయడానికి నల్లరంగు డబ్బా. వాటితోపాటు థర్మోకోలుతో తాము స్వయంగా చేసిన నాలుగు జతల కొమ్ములు. పొడవుగా, పలకలుగా, వెనుకకు వంగి ఉన్నాయి.

గడ్డి పావడా మన అడవులలో ఎవరూ కట్టరు. అది పసిఫిక్ ద్వీపాల నుండి సినిమాల మీదుగా మన అద్దె దుకాణాలకు వచ్చిన వేషం. ఆ మాట చెప్పి, "ఈ కొమ్ములు మాత్రం ఇలా చేయించారేమి?" అని అడిగాను.

"అదేమిటండీ, మీ పుస్తకం చూసే కదా చేయించాం!" అన్నారామె.

నా గుండె జారిపోయింది. పదేళ్ళ క్రితం బస్తరును గురించిన ఒక ఆంగ్ల వ్యాసాన్ని నేను తెలుగు చేశాను. 1938లో డబ్ల్యూ. వి. గ్రిగ్సన్ ప్రకటించిన గ్రంథంలో దండామి మారియాలను 'బైసన్‌హార్న్ మారియా' అని వ్యవహరించారు; పెళ్ళి నృత్యంలో వారు ధరించే తలపాగను బట్టి పెట్టిన పేరది. నేను నిఘంటువు తిరగేసి, తొందరలో 'అడవిగేదె కొమ్ములు' అని వ్రాసి ముందుకు సాగాను. నిజానికి బైసన్ అనేది అమెరికా, ఐరోపాల మృగం. ఇంగ్లీషువారు మన అడవులలోని గౌర్‌ను చూసి ఆ పేరు పెట్టారు. గౌర్ ఆవుజాతికి దగ్గరిది. దాని కొమ్ములు నునుపుగా పక్కలకు వెలువడి, పైకి లేచి, కొసలు లోపలికి తిరుగుతాయి. మొదట పసుపుగా, చివర నల్లగా ఉంటాయి. అడవిగేదె వేరు, దాని కొమ్ములు పలకలుగా, గరుకుగా, బారుగా వెనుకకు సాగుతాయి. వారి తప్పు మీద నా తప్పు చేరి, థర్మోకోలు రూపంలో నా బల్లమీదికే తిరిగి వచ్చింది.

అప్పుడు పిల్ల స్క్రంచీ గుర్తుకు వచ్చి సిగ్గుపడ్డాను. లేని ఊరి పిల్ల జడకు అంత విచారణ జరిగింది. చెర్ల దాటి అడవిదారి పట్టితే చేరుకోగల మనుషుల తలపాగకు నేను ఒక్క పూట వెచ్చించలేదు.

"అడిగి తెలుసుకుందాం రండి" అన్నాను.

2005లో సల్వాజుడుం మొదలైన తరువాత బస్తరు నుండి వేలాది ఆదివాసీలు ప్రాణభయంతో ఊళ్ళు విడిచి మా ప్రాంతపు అడవులకు వచ్చారు. మనవారు వారిని గుత్తికోయలంటారు. మాకు సమీపంలోని అటువంటి ఒక గూడెంలో ఒక ముసలామె ఉన్నది. స్వస్థలం తర్రెం వైపు. బీజాపూర్ జిల్లాలో బాసాగూడ నుండి జగర్‌గుండ పోయే దారిలో ఉన్నదా ఊరు. తెలుగు పత్రికలలో ఆ పేరు పెద్ద అక్షరాలతో వచ్చినది 2021 ఏప్రిల్ 3 నాటి కాల్పులలో 22 మంది భద్రతా సిబ్బంది మరణించినప్పుడు. నేనూ ఆ పేరు మొదటిసారి చదివినది అప్పుడే. అక్కడ పెళ్ళిళ్ళు జరుగుతాయనీ, డోళ్ళు మోగుతాయనీ ఆ వార్తలు చదివిన నాకు తోచలేదు.

గ్రిగ్సన్ గ్రంథంలోని నృత్యచిత్రం ఒకదానిని అవ్వకు చూపించాను. వెదురు చట్రానికి కట్టిన కొమ్ములు, వాటి నడుమ ఈకల గుత్తి, ముఖాన్ని కప్పుతూ వ్రేలాడే గవ్వల సరాలు, మెడలో పొడవాటి డోలు. పక్కన తలకు ఇత్తడి పట్టీలతో, చేతిలో గజ్జెల కర్రలతో స్త్రీలు.

అవ్వ చాలాసేపు చూసి, కోయ కలిసిన తెలుగులో అడిగింది: "ఇది ఎవరి పెళ్ళి?"

మేము జవాబు చెప్పలేకపోయాము. ఎనభై యేళ్ళకు పైబడిన చిత్రం అది. ఎవరి పెళ్ళో చెప్పడానికి ఎవరున్నారు?

"పెళ్ళి లేకుండా కొమ్ములు ఎందుకు కడతారమ్మా?" అన్నది అవ్వ మళ్ళీ. ఆమెకు వింతగా తోచినది థర్మోకోలు కాదు, గడ్డి పావడా కూడా కాదు. పెళ్ళికొడుకు లేకుండా పెళ్ళి ఆట ఆడడం.

కొమ్ములు మరి దొరికే వస్తువు కూడా కావు. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం గౌర్ వేటను నిషేధించింది. తాతల నాటి కొమ్ములు ఉన్న కుటుంబాలు వాటిని భద్రంగా దాచుకొని, వేళ వచ్చినప్పుడే తీస్తాయి. పాడైతే మరొక జత రాదు. అటువంటి దానిని మేము నాలుగు జతలు ఒక మధ్యాహ్నంలో కత్తిరించి చేశాము.

ఉపాధ్యాయురాలు మంచి మనసున్న మనిషి. వాదించలేదు. "అయితే పిల్లలు ఏమి ఆడాలి, అవ్వా?" అని అడిగారు. అవ్వ లేచి తన కోడలిని పిలిచింది. మోకాలి కిందికి దిగకుండా చీర ఎలా కడతారో చూపించారు. చేతులు ఎలా కలపాలో, ఏ కాలు ముందు పడాలో చూపించారు. కర్రకు గజ్జెలు కట్టి నేలమీద తట్టే లయ పిల్లలకు రెండు సాయంత్రాలలో వచ్చింది. నల్లరంగు డబ్బా మూత విప్పకుండానే దుకాణానికి తిరిగి వెళ్ళింది.

ఆగస్టు 9న పిల్లలు కొమ్ములు లేకుండానే ఆడారు. చూసినవారిలో కొందరు, "కొమ్ములుంటే ఇంకా బాగుండేది" అన్నారు. వారి మాటా నిజమే. కొమ్ములు కంటికి ఇంపైనవి. అవ్వ మాత్రం ముందు వరుసలో కూర్చుని, లయ తప్పిన ఒక పిల్లను చూసి బిగ్గరగా నవ్వింది. ఆ పిల్లా నవ్వింది.

ఆ రాత్రి ఈ కథ అంతా మా అక్క కూతురికి చెప్పాను. కొంతసేపు ఊరుకొని, "నాకు ఆ సౌకర్యం లేదు, పిన్నీ. క్రిస్సీని అడగడానికి వీలులేదు కదా. అందుకే మడతలు లెక్కపెట్టుకోవలసి వచ్చింది" అన్నది.

అడగడానికి మనిషి లేనిచోట పుస్తకాలూ, పేటెంటు తేదీలూ, మడతల లెక్కలే గతి. మనిషి ఉన్నచోట అవి అడగడానికి బదులు కాజాలవు. ఈ సంగతి నాకు నలభై యేళ్ళు దాటాక తెలిసింది.

మరునాడు నా పుస్తకం ప్రకాశకులకు ఉత్తరం వ్రాశాను. తిరిగి అచ్చువేసేటప్పుడు 'అడవిగేదె' అన్న మాట తీసివేసి 'గౌర్' అని వేయవలసిందనీ, కింద ఒక వాక్యం చేర్చవలసిందనీ కోరాను: 'ఈ తలపాగ పెళ్ళినాడు ధరించేది.'

స్క్రంచీ విషయం కూడా తేలింది. పిల్ల దానిని పెట్టుకోలేదు.