చోటు ముందే తెలుసు

2013 ఫిబ్రవరి 21 నాటి హైదరాబాద్ దిల్‌సుఖ్‌నగర్ పేలుళ్ల మాట వస్తే చాలు, కేంద్రం పంపినవి మామూలు హెచ్చరికలేననీ, ఫలానా చోటని చెప్పలేదనీ, పోలీసులు మాత్రం ఏం చేస్తారనీ అంటారు. ఇలాంటివి తరచూ వస్తూనే ఉంటాయని ఆనాటి ముఖ్యమంత్రి కిరణ్‌కుమార్ రెడ్డి కూడా అన్నారు. ఈ వాదన తప్పు. దీన్ని ఒప్పుకుంటే చనిపోయిన 18 మందికి అన్యాయం చేసినట్టే.

రెండు రోజుల ముందు నుంచే సమాచారం ఉందని, రాష్ట్రాలకు చెప్పామని అప్పటి కేంద్ర హోంమంత్రి షిండే అన్నారు. అందులో చోటు లేకపోతే పోనీయండి. అంతకు నాలుగు నెలల ముందు, 2012 అక్టోబరులో, ఢిల్లీ పోలీసులు ఉగ్రవాద సంస్థ ఇండియన్ ముజాహిదీన్ అనుమానితులను పట్టుకున్నారు. జులైలో మోటారుసైకిల్ మీద తిరిగి దిల్‌సుఖ్‌నగర్, బేగంబజార్, ఆబిడ్స్‌లో రెక్కీ చేశామని వాళ్లు చెప్పినట్టు పత్రికలకే వెల్లడించారు. 2007 ఆగస్టు 25న లుంబినీ పార్కు, గోకుల్ చాట్ పేలుళ్ల తర్వాత పేలని బాంబు దొరికిందీ దిల్‌సుఖ్‌నగర్‌లోనే. 2002లో సాయిబాబా గుడి దగ్గర బాంబు పేలిందీ అక్కడే. ఇంకెన్నిసార్లు చెప్పాలి?

జరిగిపోయాక అందరికీ అన్నీ తెలుస్తాయంటారు. ఆ మాటలో కొంత నిజముంది. వచ్చిపడే సమాచారంలో ఏది గట్టిదో పోల్చుకోవడం కష్టమే. కానీ నేను పైన చెప్పినవన్నీ పేలుళ్లకు ముందువే.

మా ఆళ్లగడ్డ, నంద్యాల పిల్లలు డిగ్రీ అవగానే కోచింగ్ కోసం బ్యాగు సర్దుకుని పోయేది ఆ దిల్‌సుఖ్‌నగర్‌కే. హాస్టల్లో మంచం, మెస్సులో భోజనం, సాయంత్రమైతే బస్టాపు దగ్గర మిర్చి బజ్జీలు. ఆ రోజు రాత్రి ఏడింటికి, జనం కిటకిటలాడే వేళ, కోణార్క్, వెంకటాద్రి థియేటర్ల దగ్గర సైకిళ్లకు కట్టిన బాంబులు పేలాయి.

తేదీ తెలియదు కదా అని ఇంకో మాట. తేదీ తెలియనప్పుడే రోజూ కాపలా ఉండాలి. దిక్కులేని సైకిలు కనబడితే ఎవరిదని అడిగే కానిస్టేబులు, ఎవరికి ఫోను చేయాలో తెలిసిన బజ్జీల బండాయన ఉండాలి. వీటికి ఢిల్లీ నుంచి ఇంకో కాగితం రానక్కర్లేదు. కాగితం పంపి చేతులు దులుపుకున్న ఢిల్లీని కూడా నేను వదలను.

2016లో ఎన్‌ఐఏ కోర్టు అయిదుగురికి ఉరిశిక్ష వేసింది. 2025 ఏప్రిల్‌లో తెలంగాణ హైకోర్టు ఖాయం చేసింది. అది బాంబులు పెట్టినవాళ్ల విచారణ. అక్టోబరు సమాచారం హైదరాబాద్‌లో ఏ అధికారి బల్ల మీదికి చేరింది, ఆ తర్వాత దిల్‌సుఖ్‌నగర్‌లో ఏ ఏర్పాటు మారింది అన్నది ప్రభుత్వం రాతపూర్వకంగా ప్రజల ముందు పెట్టాలి.