హెబ్రోను వైపు చూడండి

భవానీపురంలో మేడ మీద చిన్న సంఘం నడిపే యువ పాస్టరుకైనా ఇప్పుడు కలల్లో కనిపించేది హైదరాబాద్ కల్వరి టెంపులే. 2005లో సతీష్ కుమార్ మొదలుపెట్టిన ఆ సంఘం వేలమంది పట్టే మందిరం కట్టుకుంది. ఆ శ్రమను నేను తక్కువ చేయను. కానీ కొత్త పాస్టర్లు ముందు చదవాల్సింది బక్త్ సింగ్ జీవితం. పంజాబు సిక్కు కుటుంబంలో పుట్టి, కెనడాలో బాప్తిస్మం పొంది, 1933లో తిరిగొచ్చిన ఆయన 1950లో హైదరాబాద్‌లో హెబ్రోను అనే సంఘాన్ని నెలకొల్పారు. అక్కడి పరిశుద్ధ సభల్లో వేలమంది కులం అడక్కుండా ఒకే బంతిలో కూర్చుని ప్రేమవిందు తిన్నారు. మన ఊళ్లలో అదెంత పెద్ద మాటో! అవసరాలు దేవుడికే చెప్పాలి, మనుషుల ముందు చెయ్యి చాపకూడదన్నది ఆయన నియమం. అంత నిష్ఠ అందరికీ సాధ్యం కాకపోవచ్చు. కనీసం కానుకల లెక్కలు ఏటా సంఘం ముందు చదవాలి, సంఘం ఆస్తులు చూసే ట్రస్టులో పాస్టరు కుటుంబం కాని విశ్వాసులూ ఉండాలి.